నాన్న పేరున ఒక బాణీ

డిసెంబరు తెల్లవారుజామున, చర్చిలో లుసియా దీపాల పండుగ పాటలు ముగిశాయి. చర్చి పక్క గదిలో అక్క అలసటగా ఫిడేలు కమాను వదులు చేస్తోంది. తమ్ముడు కాఫీ పోశాడు.

"ఇదే ఆఖరురా. మే నెలలో పెళ్ళి ఊరేగింపులు, నడివేసవిలో స్తంభం చుట్టూ ఆటలు, ఆగస్టులో ఫిడేళ్ళ జాతర, ఇప్పుడిది. నా వేళ్ళు ఇక తిరగవు."

"ఏటా ఇదే మాటంటావక్కా."

"ఈసారి నిజం. ఒకటి చెప్పేసి మానేస్తాను. ఏ బాణీకైనా ముందు, నేర్పినవాళ్ళ పేరు చెబుతాం కదా. మనం చివర్లో వాయించే పోల్స్కా, ఆ జంటల ఆట బాణీ, నాన్న నేర్పిందని నలభై ఏళ్ళుగా చెబుతున్నావు. అది నేను కట్టిందిరా. ఆడపిల్ల కట్టిందంటే ఎవరూ ఆడరని ఆయన పేరు పెట్టాను."

"తెలుసు."

"తెలుసా? ఎప్పట్నుంచి?"

"మొదట్నుంచీ. నాన్న ఎడమచేతి చిటికెన వేలు మనం పుట్టకముందే రంపం మిల్లులో పోయింది కదా. ఆ వేలు లేకుండా అది పలకదు."

అక్క కాఫీ కప్పు కింద పెట్టింది.

"మరి ఆయన పేరెందుకు చెబుతూ వచ్చావు?"

"ఏదో ఒక ఏడు నువ్వే లేచి, కాదు, అది నాదే అంటావని."

"నలభై ఏళ్ళా? ఓరి మొద్దూ! అయితే నా పేరు వినడానికి ఇంకో ఏడాది వాయించి చావాలన్నమాట."