ఫిబా సమాధి మీది పన్నెండు కొడవళ్లు

దక్షిణ కరోలినా, టుక్సాబీ నది పరగణా. 1805 అక్టోబరు 16, బుధవారం, ఉదయం పది గంటలు. రేవు దగ్గరి ధాన్యపు కొట్టులో ఇద్దరు మేజిస్ట్రేట్ల ఎదుట బానిస బ్రిస్టల్ చెప్పగా గుమాస్తా రాసుకున్నది.

నా పేరు బ్రిస్టల్. వయసు అరవై రెండో, అరవై నాలుగో. నేను పుట్టిన ఏడు పెద్ద తుపాను వచ్చిందని మా అమ్మ చెప్పేది గానీ, ఈ తీరాన తుపాను రాని ఏడంటూ ఉంటే కదా లెక్క తేలడానికి. రాల్స్టన్ దొరవారి వరి ఎస్టేటులో తూము కాపరిని. బ్రిస్టల్ అన్నది మా అమ్మను తెచ్చిన ఓడ వాళ్ల ఊరి పేరట. నేను చూడలేదు. మా అమ్మ పెట్టిన పేరు క్వాకో. బుధవారం పుట్టిన మగపిల్లవాడికి మావాళ్లు పెట్టే పేరది. ఈ రోజు కూడా బుధవారమే.

అసలు సంగతికి రమ్మని దొరగారు అంటున్నారు. వస్తున్నాను.

నా పని ఏమిటో ఒక్క ముక్క చెప్పకపోతే మిగతాది అర్థం కాదు. సముద్రం పోటు మీదున్నప్పుడు నది నీరు తూము తలుపును తోసుకుని పొలంలోకి వస్తుంది. తిరిగి పోబోతే ఆ నీరే తలుపును నొక్కి మూసేస్తుంది. ఎంత గట్టిగా పోవాలని చూస్తే అంత గట్టిగా మూసుకుంటుంది. ముప్పై ఏళ్లు ఆ తలుపుకు ఇవతల నిలబడ్డాను. జైల్లో పడ్డ ఈ తొమ్మిది రోజులుగా అవతల చిక్కిన నీటి సంగతి తెలుస్తోంది.

నా భార్య ఫిబా జూన్ 11, మంగళవారం, మధ్యాహ్నం రెండు గంటలకు కలుపు తీస్తూ పొలంలో పడి చనిపోయింది. మర్నాడు సాయంత్రం పూడ్చాం. మాలో పూడ్చడం ఒకనాడు, ప్రసంగం ఒకనాడు. పని ఒత్తిడి తగ్గాక, కోతలయ్యాక, చుట్టుపక్కల ఎస్టేటుల వాళ్లందరూ, 'దీన్ని తెచ్చినవాణ్ణి పోనివ్వండి, దారిలో ఎవరూ ఆపవద్దు' అని వాళ్ల దొరలు రాసిచ్చే సెలవు చీటీలు తెచ్చుకుని ఒక ఆదివారం చేరతారు. అప్పుడు మాలోని పాస్టరు చనిపోయినవాళ్ల గురించి మాట్లాడతాడు. అప్పటిదాకా మనిషి సగమే పోయినట్టు లెక్క. ఫిబా నాలుగు నెలలు అలా సగం ఉంది.

జూలైలో, ఏ తేదీయో తెలియదు, కొలిమి దగ్గర కమ్మరి సిపియో నాతో అన్నాడు. వాడు నన్ను మామా అనేవాడు, చుట్టరికం ఏమీ లేదు.

"మామా, నూరుమంది ఒకచోట చేరాలంటే ఈ దొరలు దేనికి ఒప్పుకుంటారు?"

"చచ్చినవాళ్ల కోసమైతే ఒప్పుకుంటారు. బతికున్నవాళ్ల కోసం ఒప్పుకోరు."

"మరి ఎవరు చచ్చారు?" అని, వెంటనే నాలుక కరుచుకున్నాడు. కాసేపు తిత్తి ఊదాడు. "అత్త ఒప్పుకుంటుందంటావా?"

"బతికున్నన్నాళ్లూ నా మాట దేనికీ ఒప్పుకోలేదురా. ఇప్పుడైతే ఎదురు చెప్పలేదు."

అనుకున్నది ఇది. అక్టోబరు 6, ఆదివారం, ప్రసంగం అయ్యేసరికి పదకొండు గంటలవుతుంది. అప్పుడే ఆటు మొదలవుతుంది. ఆ లెక్క నాది. రేవు కాపలా గదిలో ఇద్దరు కావలివాళ్లు, నలభై తుపాకులు ఉంటాయి. వాటిని పట్టుకుని ధాన్యపు పడవలెక్కితే నీరే సముద్రంలోకి మోసుకుపోతుంది. దక్షిణాన మావాళ్లు దొరల్ని తరిమేసి సొంతంగా ఏలుకుంటున్న దీవి ఉందని ఓడవాళ్లు చెప్పారు. ఇది అనుకున్నది సిపియో, నేను. ఇంకెవరూ లేరు.

పాస్టరుకు తెలుసా అని అడిగారు. తెలియదు. సిపియో, నేను. ఇంకెవరూ లేరు.

కోత కొడవళ్లు పొద్దున ఇస్తారు, సాయంత్రం లెక్కపెట్టి తీసుకుంటారు. అరిగిపోయినవి కరిగించమని సిపియోకు పంపుతారు. వాడు పన్నెండు కరిగించలేదు. కావలివాళ్ల మీదికి పోవడానికి పనికొచ్చేలా వంపు తీసి, కత్తుల్లా బారుగా సాగగొట్టి, గట్టి పిడులు వేశాడు. దాచడం ఎలా? మా గుడిసెలు పదిహేను రోజులకోసారి సోదా చేస్తారు, దుప్పట్లు దులుపుతారు, కుండల్లో చెయ్యి పెడతారు. సమాధుల దగ్గరికి మాత్రం రారు. మావాళ్లు కూడా సమాధి మీది వస్తువు ముట్టరు. ముట్టినవాడికి నిద్ర ఉండదు.

మాలో చనిపోయినవాళ్లు చివరగా వాడిన వస్తువులు సమాధి మీద పెడతారు. కప్పు, గిన్నె, మందు సీసా, చెంచా. ఫిబా నలభై ఏళ్లు వరి కోసింది. దాని మీద కొడవళ్లుంటే ఎవరికి వింత? ఆగస్టు నెలలో ఒక్కొక్కటే తీసుకెళ్లి దాని చుట్టూ ఇసుకలో, పిడులే పైకి కనిపించేలా వరసగా దింపాను. ఆ సలహా నాది. సిపియో వద్దన్నాడు. "అత్త నెత్తిన పెడతావా మామా ఇదంతా?" అన్నాడు. నేనే పెట్టాను.

ఫిబా చెల్లెలు జూబాకు మేము చెప్పలేదు. దానికి చెబితే సాయంత్రానికి నదికి అవతల ఒడ్డున తెలుస్తుంది. అది ఏమీ ఎరగదు. ఈ మాట సరిగ్గా రాయండి. జూబా ఏమీ ఎరగదు.

అక్టోబరు 6 ఉదయం తొమ్మిదింటికి జనం రావడం మొదలుపెట్టారు. నూట పది మంది దాకా వచ్చారు. పాస్టరు ఫిబా గురించి మంచి మాటలు చెప్పాడు. అందులో సగం వేరే ఆవిడ గురించేమో అనిపించింది. అది సౌమ్యురాలట. పదిన్నరకు నేను మోకాళ్ల మీద కూర్చుని, ఏడుస్తున్నట్టు వంగి, మొదటి పిడి పట్టుకుని లాగాను. పిడి వచ్చింది. దానికి బొటనవేలంత ఇనుము ఉంది. రెండోది లాగాను. అదీ అంతే. మూడోది లాగాను.

సిపియో ఎదురుగా నిలబడి ఉన్నాడు. నా చేతి వైపు చూశాడు. వాడి ముఖం గురించి నేను చెప్పను.

జూబా పక్కనే ఉంది. గుసగుసగా అడిగాను. "ఎవరే వీటిని విరిచింది?"

"నేనే. నీకు బుద్ధుందా బావా? విరగని ఇనుము మా అక్క మీద పెట్టి వదిలేస్తావా? కప్పు పగలగొట్టాం, గిన్నె పగలగొట్టాం. నువ్వు తెచ్చి గుచ్చిన చెత్తంతా ఎవరు చూస్తారనుకున్నావు?"

"అన్నీ విరిచావా?"

"పన్నెండూ. నిన్న నా వంతు పని మూడింటికే ముగించుకుని, గొడ్డలి తిరగేసి బండ మీద పెట్టి కొట్టాను. చేతులు బొబ్బలెక్కాయి చూడు. నా మనవలిద్దరికీ జ్వరం ఎందుకు దిగట్లేదో ఇప్పుడు తెలిసింది. మంచి పని చేశావే అనవేం?"

"మంచి పని చేశావే" అన్నాను.

సమాధి మీద ఏది పెట్టినా విరిచి పెట్టాలి. విరగకపోతే గొలుసు తెగదు, ఇంట్లో ఒకరి వెంట ఒకరు పోతారు. ఇది పాలు తాగే పిల్లకూ తెలుసు. మాకెందుకు గుర్తు రాలేదని మీరు అడిగారు, తొమ్మిది రోజులుగా నన్ను నేనూ అడుగుతున్నాను. మాలో తెచ్చిపెట్టేది మగవాళ్లు, విరిచేది ఆడవాళ్లు. మేం తెచ్చిపెట్టి ఇంటికి పోయాం. విరిచే సంగతి మాది కాదు కనుక మాకు తట్టలేదు.

పదకొండింటికి ఆటు మొదలైంది. సమాధుల దగ్గరి నుంచి నది కనిపిస్తుంది. పడవలు తాళ్లను లాగుతూ సముద్రం వైపు తిరిగాయి. జనం పాట పాడారు, ఏడ్చారు, ఇళ్లకు పోయారు. ఎవరూ చెయ్యి ఎత్తలేదు.

అంతటితో పోయేదే. మధ్యాహ్నం రెండింటికి వంతెన దగ్గర గస్తీవాళ్లు సెలవు చీటీలు అడిగారు. ముప్పై ఒక్క చీటీ ఒకే చేతిరాత, అదీ ఏ దొరదీ కాదు. మర్నాడు పొద్దున సోదాలు, విరిగిన ఇనుము, నా కాలికి ఈ గొలుసు. సిపియో చిత్తడిలోకి పరిగెత్తాడు. మంగళవారం పోటుతో శవమై నా తూము దగ్గరికి వచ్చాడు. నన్ను గొలుసుతోనే తీసుకెళ్లి తలుపు ఎత్తించారు. తలుపు ఎత్తి వాణ్ణి బయటికి లాగింది నేనే.

నిన్న మధ్యాహ్నం పన్నెండింటికి మా దొరగారు జైలుకు వచ్చారు. ఆయన మాటలు ఆయన మాటల్లోనే చెబుతాను.

"బ్రిస్టల్, ఆ కొడవళ్లు విరిచింది నువ్వేనని చెప్పు. యజమాని ప్రాణం కాపాడినవాడికి చట్టం విడుదల ఇస్తుంది. నీలాంటి తూము కాపరి నాకు మళ్లీ దొరకడు. విడుదలైనా నా దగ్గరే ఉంటావుగా."

"సుకీ సంగతేంటి దొరా?"

"అది వేరే సంగతి. చీటీలు రాసింది అదే."

సుకీ నా మనవరాలు. ఇరవై ఏళ్లు. పెద్దింట్లో బట్టలు కుడుతుంది. చిన్నదొరసాని సరదాకు దానికి అక్షరాలు నేర్పిన మాట ఎస్టేటంతా ఎరుగుదురు. అందుకే పట్టుకున్నారు. నా గదికి పక్క గదిలో ఉంది. దాని దగ్గు వినిపిస్తుంది.

విరిచింది నేను కాదు. జూబా. ఎందుకు విరిచిందో చెప్పాను. ఆ విడుదల ఏదో ఉంటే దానికివ్వండి. మిమ్మల్ని కాపాడాలని మాత్రం అది విరవలేదు, మనవల కోసం విరిచింది. జూబా ఏమీ ఎరగదు.

చీటీలు నేను రాశాను. నవ్వుతారని తెలుసు. నవ్వండి, నేను ఆగుతాను.

ఎలా నేర్చావని అడుగుతున్నారు. ఇరవై ఏళ్లపాటు ప్రతి శనివారం మీ చర్చి వెనక సమాధులు ఊడ్చాను. ఏ రాయి కింద ఎవరున్నారో మీ పాస్టరు దొరగారు చదివి వినిపించేవారు, అక్కడ ఊడ్చు, ఇక్కడ ఊడ్చు అని. పేరు విన్నాను, రాయి చూశాను. చీపురు పుల్లతో ఇసుకలో దించుకున్నాను. మరుసటి శనివారానికి వాన చెరిపేసేది. మీ నాన్నగారి రాయి మీద నాకు పెద్ద అక్షరాలన్నీ వచ్చాయి, దొరగారు. మంచి రాయి అది. ఆయన కూడా సౌమ్యులని రాసి ఉంది.

ఆ ముప్పై ఒక్క చీటీలు మీ బల్ల మీదే ఉన్నాయి. అక్షరాలు చూడండి. ఒకదాన్ని ఒకటి అంటుకోకుండా, రాతి మీద చెక్కినట్టు విడివిడిగా నిలబడి ఉంటాయి. సుకీ రాత చిన్నదొరసాని నేర్పిన రాత, తీగలా అల్లుకుపోతుంది. దాని చేత ఒక ముక్క రాయించి పక్కన పెట్టి చూడండి.

ఇంకెవరైనా ఉన్నారా అని చివరిసారి అడుగుతున్నారు. సిపియో, నేను. ఇంకెవరూ లేరు.

నేను చెప్పిందంతా గుమాస్తా గారు చదివి వినిపించారు. మూడో కాగితంలో ఒక చోట 'జూబా ఎరుగును' అని రాసి ఉండడం చూశాను. ఆయన పైకి చదివింది మాత్రం 'ఎరగదు' అనే. దిద్దమన్నాను. దిద్దారు. ఇక ఇందులో ఉన్నది నా నోటి మాటే, జరిగిన మాటే. ఎవరూ కొట్టి చెప్పించలేదు, ఎవరూ ఆశపెట్టి చెప్పించలేదు. ఆశపెట్టింది వేరేదానికి.

(గుమాస్తా గమనిక: మేజిస్ట్రేట్ల ఆజ్ఞపై నిశానీ గీత పెట్టమని కాగితం ముందుంచగా, నిందితుడు కలం అడిగి తీసుకుని, సంతకం చేయవలసిన చోట కింది మాటలు స్వయంగా రాశాడు. బల్ల మీది ముప్పై ఒక్క చీటీలతో పోల్చి చూడడమైనది. చేతిరాత అదే.)

దీన్ని తెచ్చిన సుకీని ఇంటికి పోనివ్వండి. దారిలో ఎవరూ ఆపవద్దు.
క్వాకో