టైరు మీది అంకె

తిరువూరులోని తన టైర్ల షాపులో పంక్చరు వేస్తూనే, కూతురికీ కారాయనకీ జరిగే వాదన మీద ఇన్నయ్య ఓ చెవి వేసి ఉంచాడు.

“మీ పాత టైరు తొంభై ఒకటి హెచ్ అండి. మీరడిగేది ఎనభై అయిదు వి.”

“వి అంటే ఇంకా స్పీడు కదమ్మా?”

“అక్షరం స్పీడుకండి, అంకె బరువుకి. పాతది ఆరొందల పదిహేను కిలోలు మోస్తుంది. ఇది అయిదొందల పదిహేనే. మీరేమో పెనుగొలను నుంచి మిర్చి బస్తాలేసుకొస్తారు.”

“నీకేం తెలుసు? మీ నాన్నని పిలువు!”

ఇన్నయ్య చేతులు తుడుచుకుంటూ, ఛాతీ విరుచుకుని వచ్చాడు.

“ముప్పయ్యేళ్లు టైరుని బొటనవేలితో నొక్కి చూసి అమ్మానండి. దాని మీద ఏం రాసుందో నాకు నేర్పింది మా ఆరాధనే. మీరు నన్నడిగితే, నేను మళ్లీ దాన్నే అడగాలి.”