మధ్యలో పోయిన లత

తాండూరులో ఒక ఇంటి వాకిట్లో అక్క పచ్చి కందికాయలు ఒలుస్తోంది. పక్కనే చెల్లెలు లెక్కల పుస్తకం తెరిచింది.

"అక్కా, లత ఒక్కతే చేస్తే గీ పని ఆరు రోజులట, మణి చేస్తే పన్నెండట. ఇద్దరు కలిసి మొదలువెట్టిన్రు. రెండు రోజులైనంక లత పోయింది. మిగిలిన పని మణికి ఎన్ని రోజులు పడ్తది?"

"మణి అచ్చం నీ తీరే ఉంది. రెండు రోజుల్ల ఇద్దరు ఎంత చేసిన్రు?"

"సగం. లత నీ తీరే. చెప్పకుండ యాడికి పోయింది?"

"గది లెక్కకెందుకే?"

"వికారాబాద్ హాస్టల్ల సీటొచ్చిందంట. అమ్మకు చెప్పింది, మణికి చెప్పలే."

"చెప్తే మణి అన్నం తినదని లతకు ఫికర్. నువ్వు జవాబు చెప్పు."

"ఆరు రోజులు."

"తప్పు. ఐతారం ఐతారం లత ఇంటికొస్తది. మళ్ల చెయ్."