పనికిరాని టేకులు

చేవెళ్ల పక్క పల్లెలో బీరమ్మ ఇల్లు. సాయంత్రపు ఎండ గదిలోని అద్దం మీద పడే వేళ.

"నాతోని కాదంటే కాదు, ప్రసాదూ. చాయ తాగి పో."

"ఒక్క షాటే అక్కా. అద్దంల చూస్కుంట బొట్టు పెట్టుకుంటవు, గాజులు సర్దుకుంటవు, గడప దాటుతవు. గంతే. నాలుగేండ్ల సినిమా దానికాడ ఆగింది."

"బొట్టు పెట్టుకునుడు నీకు గంతేనా?"

"వేషమే గద."

"వేషమా? పదకొండో దినం చెరువు కాడ నా గాజులు పలగ్గొట్టిన్రు. అది గూడ వేషమేనా?"

"మల్లేశ్ బావ పోయిండని తెలిసి గూడ అడుగుతున్ననంటే, నా గతి ఎట్లున్నదో చూడు."

"ఆయన పోయి మూడు నెలలు గాలె. ఇప్పుడు నేను బొట్టు పెట్టుకుంటె మా అత్త నన్ను బతకనిస్తదా?"

"అంతమ్మత్త చేవెళ్ల అంగడికి పోయింది. బస్సు దిగేలోపల అయిపోతది. వాకిలి తలుపేస్త."

"అంటే మా అత్త బస్సెక్కేదాంక మూల మీద నిలవడి చూసినవా?"

"చూసిన."

"సిగ్గు లేదార నీకు?"

"లేదక్కా. సిగ్గంత మొయినాబాద్ ఫామ్‌హౌసులల్ల పోయింది. పెండ్లి కాకముందే వీడియో గావాలంటరు. పిల్లను పిలగాన్ని పొగల ఉరికిస్త, వాళ్ల మీదికెల్లి డ్రోన్ ఎగిరేస్త. డైరెక్టర్ సాబ్ వచ్చిండని నవ్వుతరు. నా కెమెరా ఎన్నడో అమ్మిన. ఇది ఫోటో స్టూడియో ఉదయ్‌భాస్కర్ సేటుది. ఇయ్యాల రిసెప్షన్‌కు మళ్ల ఆయన చేతుల పెట్టాలె."

"అయితే రేపు తీస్కరా. రేపటికన్న నా మనసు జర కుదుటపడ్తదేమో."

"రేపు సినిమా పంపాలె. ఫెస్టివలోళ్లు చూస్తమన్నరు. పంపేటందుకు రేపే ఆఖరు. ఇది గూడ పోతే నేనింక కెమెరా ముట్ట. ప్రవీణ చెప్పేసింది, ఈసారి గాకపోతే చందనవెల్లి కంపెనీల నౌకరికి ఎక్కుమని."

"నీ పెండ్లాం తప్పేం చెప్పలె."

"తప్పని నేనంటలేను. కాళ్లు మొక్కుత అక్కా."

"లే. లే ప్రసాదూ, పైకి లే. ఏడుస్తున్నవా? ఇంకొకామెను పెట్టి తీయరాదు?"

"సినిమా అంత నీ మొఖమే ఉన్నది. ఆఖర్ల ఎవరి మొఖం పెట్టాలె?"

"మీ అవ్వ మేరీ ఎన్నడు బొట్టు పెట్టలె. మీ ఇండ్లల్ల మొగడు పోతే ప్రార్థన చేసుకుంటరు, బొంద పెడ్తరు, అయిపాయె. నీకెట్ల తెలుస్తది? నా వేలు నొసటి దాక పోయి మళ్లొస్తది."

"తెల్వదక్కా. తెల్వకనే అడుగుతున్న."

"చాయ సల్లారుతున్నది, తాగు."

"ఒక్కసారి అక్కా."

"నేనొకటి అడుగుత. చేస్తవా?"

"ఏదన్న చేస్త."

"నేను గోడకు ఆనుకొని సప్పుడు చెయ్యకుండ కూసునే సీను యాదికున్నదా? దొడ్లకెల్లి ఆయన గట్టిగ ఒర్లిండు."

"బీరీ, మేకలకు నీళ్లు పెట్టినవా, అని. ఒక్క షాటుల నాలుగుసార్లు ఒర్లిండు బావ. కెమెరా ఇడిచిపెట్టి దొడ్లకు పోయి తిట్టిన."

"నువ్వు తిట్టినంక కావాలనే ఒర్లిండు. నవ్విండు గూడ. ఆ నవ్వు పడ్డదా అండ్ల?"

"పడ్డది."

"నా తాన ఆయన ఫోటో ఉన్నది. ఫోటో మాట్లాడదు గద. మాది డబ్బా ఫోను, అండ్ల ఏం దొరకలె. మొన్న మేకల కాడ నిలవడి ఎంతసేపు యాది చేసుకున్ననో. మాట యాదికొచ్చింది, గొంతు రాలె. మూడు నెలలకే మర్చిపోయిన్నా అని నా మీద నాకే కోపమొచ్చింది. ఆ ఒర్లుడు ఒక్కసారి ఇనిపియ్యి. నేను బొట్టు పెట్టుకుంట. అత్త తిడితే పడ్త."

"ఇప్పుడేనా?"

"ఇప్పుడే."

"తీసినయన్ని దాచిన డిస్క్ ఇంటికాడ ఉన్నదక్కా. షాట్ తీసినంక... రేపు ఇనిపిస్త."

"ఒట్టెయ్యి."

"మా తాన ఒట్లు వెయ్యరు."

"అయితే మాటియ్యి."

"ఎండ పోతున్నది. అద్దం ముంగట కూసో."

"సరే, తియ్యి. నువ్వు మాట తప్పేటోనివి కావు. గాజులు?"

"తెచ్చిన. ఆకుపచ్చయి. సినిమాల నువ్వు ఏసుకున్నయే."

"చెయ్యి చిక్కింది చూడు, ఎట్ల జారుతున్నయో. కుంకుమ డబ్బి అత్త సందుగ ఎన్కల దాచింది. ఇగో. దొరికింది."

"మెల్లగ పెట్టుకో అక్కా."

"పెట్టుకున్న. సక్కగున్నదా?"

"ఉన్నది."

"నా దిక్కు చూడకుండనే చెప్తవేంది? యాడికి చూడాలె నేను?"

"దొడ్డి దిక్కు."

"మంచిగయ్యింది. అక్కడికెల్లి ఆయన పిలుస్తుండు అనుకుంట. రేపు ఎట్లాగు ఆ గొంతు ఇంట గద. ఏంది, ఎర్ర లైటు వస్తలేదు? తియ్యి ప్రసాదూ. ఎండ పోతదంటివి."

"అక్కా, డిస్క్ నిండిపోయింది."

"ఇప్పుడు నిండిందా?"

"పోయినేడు. ఇంకోటి కొనేటట్టు లేకుండె. పనికిరాని టేకులన్ని తీసేసిన. సప్పుడు పడి చెడినయి. బావ ఒర్లినయి."

"ఒక్కటన్న మిగలలేదా?"

"మిగలలే."

"షాట్ తీస్కున్నంక చెప్పొచ్చు గదర. నాకేం తెలుస్తుండె?"

"తీద్దామనే అనుకున్న."

"మరి?"

"బస్సొచ్చే యాళ్లయింది. కెమెరా సంచిల పెడుతున్న. బొట్టు తుడ్సుకో అక్కా."