పంపు ఆగిన పూట

పేరు రాసుకున్నారు కదా సార్. ఓడలో అందరూ గరిటె అంటారు, అదీ రాయండి. వయసు నలభై ఆరు. రేవులో కట్టేసి ఉన్న ఆ పాత సరుకు ఓడలో వంటవాణ్ణి. మీరు ఇందాక పట్టుకొచ్చిన పంపు మనిషి మా అక్క మొగుడు. కూర్చోమనకండి, నావల్ల కాదు. నిలబడే చెబుతాను.

ఆ ఓడ అడుగు తుప్పు పట్టి జల్లెడైపోయింది. లోపలికి కారే నీళ్లు తోడటానికి పంపు రేయింబవళ్లు ఆడాల్సిందే. అదో మొండి ఘటం, మా బావ చెయ్యి పడితే తప్ప కదలదు. ఆయన మా అక్కతో కంటే దాంతోనే ఎక్కువ కాపురం చేశాడు. అది ఆడుతున్నంతసేపూ నా వంటగదిలో మూతలు గలగలమంటాయి.

ఇవాళ మధ్యాహ్నం పన్నెండింటికి తనిఖీ ఆఫీసరు వచ్చాడు. కెప్టెన్ మా బావతో, "పంపు ఆపెయ్. ఆ మోత విన్నాడంటే ఓడని కదలనివ్వడు" అన్నాడు. నా చెవులతో విన్నాను. నాతోనేమో, "బాగా పెట్టు, తొందరగా పంపెయ్" అన్నాడు. మూతలు ఆగిపోయాయి.

ఆఫీసరు తొందరపడే రకం కాదు. మారు వడ్డించమన్నాడు. చేపముళ్లు ఒక్కొక్కటే ఏరి పళ్లెం అంచున పేర్చాడు. "పాత ఓడైనా ఎంత ప్రశాంతంగా ఉందయ్యా!" అన్నాడు. గుమ్మం దగ్గర బావ నూనెగుడ్డ పిండుతున్నాడు. పిండిందే పిండుతున్నాడు.

"ఒరేయ్, నీళ్లు సరుకు దాకా వచ్చేసుంటాయిరా" అన్నాడు నా చెవిలో.

"కాసేపు ఓర్చుకో బావా" అన్నాను.

ఓర్చుకోలేదు. కిందికి పరిగెత్తి పంపు వేశాడు. మూతలు గలగలమన్నాయి. "ఏంటా మోత?" అంటూ ఆఫీసరు లేచాడు. దిగి చూస్తే చక్కెర బస్తాలు సగం పాకమైపోయి ఉన్నాయి. కెప్టెన్ కళ్లార్పకుండా, "వీడు తాగి, సముద్రపు నీళ్లొచ్చే వాల్వు తిప్పేశాడు" అన్నాడు. మా బావ చుక్క ముట్టడు సార్. ముట్టడు. మా అక్క మీద ఒట్టు.

ఆయన్ని మీరు తెచ్చేశాక పంపు మళ్లీ ఆగింది. ఎవరు వేసినా పలకడం లేదు. కెప్టెన్ హోటల్‌కి పోయాడు, మమ్మల్ని మాత్రం ఓడ దిగొద్దన్నాడు. పదకొండు మంది ఉన్నారు సార్ అందులో. కొందరు కింద పడుకుని ఉన్నారు. నేనొచ్చేటప్పుడు వంటబల్ల మీద ఉల్లిపాయ దానంతటదే ఓ పక్కకి దొర్లింది. మళ్లీ పెట్టాను. మళ్లీ దొర్లింది.

ఇదంతా నిజం. నా నోటితో నేనే చెప్పాను, ఎవరూ నేర్పలేదు. చదివి వినిపించక్కర్లేదు సార్, వేలిముద్ర ఎక్కడ వెయ్యాలో చూపించండి. ఆయన్ని బయటికి తియ్యండి. బేడీలు వేసే తీసుకెళ్దాం. పంపు వెయ్యడానికి మా బావకి ఒక్క చెయ్యి చాలు.

సాక్షి ఎడమ బొటనవేలి ముద్ర. అలుక్కుపోయింది, మళ్లీ వేయించడానికి మనిషి ఆగలేదు.