జడ్జి తినని ఓళిగలు

ఏమప్పా హర్షా, జడ్జి పరీక్ష పాసైనావంటనే! కూచో, కూచో. మా మార్కండేయ జడ్జి సంగతి చెప్తా, విను. ఆయప్ప పోయి ముప్పై ఏండ్లు. ఆయప్ప కోర్టులో బంట్రోతు ఎవురనుకున్నావు? నేనే! వాకిట్లో నిలబడి మూడుసార్లు పేరు పిలిచినానంటే లేపాక్షి నంది చెవులాడించేది. కదిరిలో దాక్కున్న ముద్దాయి "వస్తాండా సామీ" అని బస్సెక్కేటోడు. నవ్వొద్దప్పా, నిజం. ఆ... ఏం చెప్తాంటి? జడ్జికి ఒక జబ్బు. ఎవురికన్నా శిక్షేసిన రోజు మధ్యాన్నం ముద్ద ముట్టడు. "ఒకరి నోటికాడ కూడు తీసి నేనెట్ల తినేది, ఓబిలేసూ? నువ్వు తిను" అని క్యారియర్ నా చేతిలో పెట్టేటోడు. వాళ్లింటి ఊరిబిండి పచ్చడి ఉండాదే, ఏం చెప్పేది! రానురాను నాకు పాపిష్టి బుద్ధి పుట్టింది. పేరు పిలుస్తానే లోపల మొక్కుకునేటోణ్ణి, 'నరసింహసామీ, వీనికి శిక్ష పడనీ' అని.

ఆ యేడు వాన చుక్క ల్యా. తిమ్మక్క అని ఒకామె, పక్కోళ్ల వామిలో రెండు మోపులు శెనక్కాయ కట్టె ఎత్తుకొచ్చింది, ఎద్దుల మేతకు. 'తీయల్యా అని చెప్పు' అని వకీలు ఎంత మొత్తుకున్నా విన్ల్యా. "తీసినా సామీ. మూగజీవాలు నా మొగం చూస్తాంటే తీసినా. జైలుకు మాత్రం పంపద్దు, వాటికి నీళ్లు పెట్టేటోళ్లు ల్యారు" అనె. ఆ పొద్దు క్యారియర్లో బెల్లం పూర్ణం పెట్టిన ఓళిగలు! ఆ నెయ్యి వాసన ఇంకా నా ముక్కులోనే ఉండాది. జడ్జి పెన్ను పట్టుకొని గడియారం పక్క చూస్తాండాడు, నేను క్యారియర్ పక్క చూస్తాండా. కడకు చెప్పినాడు: కోర్టు లేసేదాకా శిక్ష, బెంచీ మీద కూచోవల్ల. అంతే. చిన్నదైనా శిక్ష శిక్షే గదా? క్యారియర్ నా చేతికొచ్చె.

వరండాలో మూత తీసినా. ఎదురుగా బెంచీ మీద ఆమె, పొద్దున్నుంచి పస్తు. ఒక ఓళిగ ఆమె పక్క చాపినా. "ఎవురిదప్పా?" అనె. చెప్పినా, జడ్జి పస్తు సంగతీ చెప్పినా. "ఓయమ్మా!" అని క్యారియర్ గుంజుకొని నేరుగా జడ్జి రూములోకి పోయె! "తిను సామీ. తప్పు చేసింది నేను, పస్తు నువ్వా? ఇదేం న్యాయం? నా శిక్ష నాకు చాలు, నువ్వు పంచుకోవద్దు." ఆయప్ప పెన్ను పక్కన పెట్టినాడు. సగం ఆమెకు పెట్టి, సగం తిన్యాడు. బయటికొస్తా ఆమె నా కాడ నిలబడె. "జడ్జి సరే. నువ్వేం పాపం చేసినావప్పా, మొగం అట్ల పెట్టుకున్నావు?"

నేను...

హర్షా, ఆ ఫ్యాను కొంచెం పెంచు నాయనా. ఉక్క పోస్తాంది.