కెనడా సినిమాల్లో మా పీరమ్మ

ఏమప్పా ప్రదీపూ, సినిమాల్లోకి పోతాండావంట? మీ నాయన పొద్దున అంగడికాడ కనపడి తల పట్టుకున్యాడు. కూర్చో, ఈ కుట్టు మిషన్ పని ఎప్పుడూ ఉండేదే. మా చెల్లెలు పీరమ్మ గూడా యాక్టరే, తెల్సునా నీకు? నవ్వాకప్పా. ఈ బద్వేల్లో పుట్టిందే. పెద్ద కంపెనీల సినిమాలు కాదులే, కెనడాలో పిల్లోళ్లు చందాలేసుకోని తీసే చిన్న చిన్నవి. అది కాలం చేసి శానా ఏండ్లాయ.

దాని మొగుడు టొరంటోలో ట్యాక్సీ తోల్తాండె, మంచోడు పాపం, గుండె ఆగి పోయినాడు. ఇంటికొచ్చేయ్ మే అంటి నేను. "లాండ్రీలో పని ఉండాదిలే భాయ్" అనె. ఆ లాండ్రీకి గుడ్డలు ఉతుక్కోను వచ్చే పిల్ల ఒకతె సినిమా తీస్తాండె. తల్లి వేషానికి మనిషి దొరక్క, దీన్ని అడిగింది. అట్ల మొదలు. ఆ తర్వాత ఒగో సినిమాలో ఒగో వేషం, పక్కింటామె, నర్సు, బస్సులో కూర్చున్నామె, ఒగ దాంట్లో శవం గూడా. శవమంటే తమాషా కాదప్పా, ఊపిరి తెలీగూడదు. దినామూ లాండ్రీ, సెలవొస్తే షూటింగు. "నీ పేరు నోరు తిరగదు, పామ్ అని పెట్టుకో" అన్నారంట. "మా నాయన దర్గాలో మొక్కుకోని పెట్టిన పేరు, నేర్చుకోండి" అన్యాదంట. నేర్చుకున్యారు గదా మళ్ల.

కడాకు ఒగ సినిమాలో అదే పెద్ద వేషం. మొగుడు సచ్చిపోయినామె మంచులో, సముద్రమంత చెరువు గట్టున నిలబడి, లేని మొగునితో కొట్లాడాల. మాటలు హిందీలో రాసినారు. "నా మొగునితో నేను ఏ పొద్దూ హిందీలో కొట్లాడలా, తెలుగులో చెప్తా" అనె ఇది. ఈ సినిమాకు దుడ్లు పెట్టినాయప్ప ఒగడుండె, ఆయప్ప ఒప్పుకోలా. "హిందీ అయితే నాలుగు చోట్ల చూస్తారు, కాదంటే వేరే ఆమెను పెట్టుకుంటాం" అన్యాడంట. "పెట్టుకోండి" అని ఇంటికొచ్చేసె. ఎన్నేండ్లు ఎదురుచూసిన వేషమప్పా అది. నాకు ఫోన్ చేసి, "తప్పు జేస్తినా భాయ్" అని ఏడ్చె. నేనేం చెప్తా, రవికలు కుట్టేటోన్ని. కొన్ని దినాలకు ఆ సినిమా తీసే డైరెక్టరు, ఒగ పిల్ల, తానే దాని ఇంటికొచ్చి, "తెలుగులోనే చెప్పు, కింద ఇంగ్లీషులో రాసుకుంటాం, ఆయప్పతో నేను కొట్లాడతా" అనె.

పీరమ్మ పోయినాంక దాని కూతురు సమీరా వచ్చి, ఇదో ఈ బల్ల మీదనే ల్యాప్‌టాపు పెట్టి ఆ సినిమా చూపిచ్చె. అంతా తెల్లగా మంచు. మధ్యలో మా పీరమ్మ. "ఏం మనిషివయ్యా, చెయ్యి కడుక్కోని వస్తానని పోయి రాకనే పోతివే, అన్నం సల్లారిపోయె గదా" అంటాది. ఏడ్వదు, తిడతాది.

మా నాయన పోయిన దినం మా అమ్మ అన్న మాటలప్పా అవి. అప్పుడు పీరమ్మ శానా చిన్నది, తలుపు పక్కన కూర్చోనుండె. నేను మర్సిపోతి. అది మర్సిపోలా.

అక్కడ ఆ సినిమా ఏసినప్పుడు హాల్లో తెల్లోళ్లంతా లేచి నిలబడి చప్పట్లు కొట్టినారంట. మా అమ్మకు అచ్చరం ముక్క రాదు, ఈ బద్వేలు దాటి కడప గూడా సరిగ్గా చూడలా. ఆయమ్మ మాటకు టొరంటోలో...

నీ బండి పక్కకు తియ్ ప్రదీపూ, నీళ్ల ట్యాంకరు వస్తాంది.